కడచూపుకి బెజవాడ ప్రయాణం

తిరువూరు నుంచి బెజవాడ వెళ్లేవాళ్లు పొద్దున్నే మొదటి ఎర్రబస్సు పట్టుకోవడం మంచిది. తర్వాతి వాటిల్లో నిలబడటానికి కూడా చోటుండదు. మేమూ అదే ఎక్కాం, నేనూ మా కరుణ పిన్నీ. పిన్ని ఒళ్లో అరిటాకులో చుట్టిన చామంతి దండ ఉంది.

పిన్ని భర్త, మా దేవదానం బాబాయి, మొదట చర్చి బ్యాండులో బూర ఊదేవాడు. తర్వాత బొంబాయి వెళ్లి పెద్ద హోటల్లో జాజ్ ఆర్కెస్ట్రాలో చేరాడు. జ్వరం వచ్చి అక్కడే పోయాడు. టెలిగ్రాం మాకు అందేసరికి మట్టి చేసేశారు. కడచూపు దక్కలేదని రెండేళ్లుగా పిన్ని కుమిలిపోతోంది. బాబాయి ఉన్నప్పుడు ఆ ఆర్కెస్ట్రా కచేరీని ఫిల్ము తీశారనీ, అది తమ కాలేజీ హాల్లో వేస్తున్నారనీ బెజవాడ నుంచి నా స్నేహితుడు కబురు చేశాడు.

"సినిమాకి దండెందుకు పిన్నీ?" అన్నాను, కాస్త విసుగ్గానే.

"కడచూపుకి ఉత్తచేతుల్తో వెళ్తారేంట్రా?" అంది.

మైలవరంలో బస్సు ఆగితే ఇడ్లీ తిన్నాను. చట్నీ పులిసిపోయింది, అక్కడ టీ ఒక్కటే నయం. పిన్ని మంచినీళ్లు కూడా ముట్టలేదు. మట్టి అయ్యేదాకా ఇంట్లోవాళ్లు ముట్టకూడదట.

హాల్లో దీపాలార్పారు. తెరమీద నల్లకోట్ల వాళ్లు వరసలుగా కూర్చున్నారు. అబ్బబ్బ, ఏం హోరు! కెమెరా ఎంతసేపూ ముందు పాడుతున్న ఆవిడ చుట్టూనే తిరిగింది. బాబాయి మొహం కనపడకుండానే అయిపోతుందేమోనని నా ప్రాణం కొట్టుకులాడింది. ఆ బ్యాండుల్లో ఒక్కడే వాయించే వంతు వచ్చినవాడు లేచి నిలబడతాడట. ఉన్నట్టుండి వెనక వరసలోంచి బాబాయి లేచాడు! బుగ్గలు పొంగించి, మెడనరాలు తేలేలా బూర ఊదాడు. నుదుటిమీద చెమట కూడా కనిపించింది.

పిన్ని గబుక్కున దండని పైటకొంగు కింద దాచేసింది.

"బతికున్న మనిషి ముందు శవం దండేంట్రా, తప్పు తప్పు!" అని గొణిగింది.

బాబాయి రుమాలుతో మూతి తుడుచుకుని కూర్చున్నాడు. తెరమీది జనం చప్పట్లు కొట్టారు. పిన్నీ కొట్టింది. నాకు మాత్రం ఏడుపు ఆగలేదు.

బయటికొచ్చాక భోజనం హోటలుకి తనే ముందు నడిచింది. మారు వడ్డించమని అడిగి మరీ తింది.

తిరుగు బస్సులో మా పక్కన వినగడప ఊరికి వెళ్లే పెద్దావిడ కూర్చుంది.

"ఎక్కడికెళ్లొస్తున్నావమ్మా?" అని పిన్నిని పలకరించింది.

"మా ఆయన్ని చూసొస్తున్నానండి."

నేను ఉలిక్కిపడ్డాను. సర్దిచెప్పబోయి, పిన్ని మొహం చూసి కిటికీ వైపు తిరిగాను. ఆ దారిన ఎన్నిసార్లు తిరిగానో, ఇంత బరువుగా ఎప్పుడూ ఇంటికి రాలేదు.

"బాగున్నాడా?" అంది పెద్దావిడ.

"బాగున్నారండి. పనిలో ఉన్నారు, పలకరించడానికి వీలుపడలేదు."