సైదులు గారి గాంధారం

మొన్న బుధవారం ఎనిమిదో తరగతి ఆడపిల్లలకు జంటస్వరాలు చెబుతున్నాను. చిలకలూరిపేట బస్సు దిగి వచ్చిన మనిషి ఒకాయన గుమ్మంలో నిలబడి, "పంతులుగారూ, సైదులు గారు నిన్న పొద్దున పోయారండి. నిన్ననే మట్టి చేశాం. మీకు చెప్పమంది వాళ్లావిడ మస్తానమ్మ" అని, తిరుగు బస్సుకు వేళయిందంటూ వెళ్లిపోయాడు. నా చేతిలో తాళం ఆగిపోయింది. పిల్లలు మాత్రం ఇంకా పాడుతూనే ఉన్నారు. నాగస్వర విద్వాంసులు షేక్ సైదులు గారు ఇక లేరు. ఈ ఒక్క వాక్యం రాయడానికి నాకు మూడు రోజులు పట్టింది. దుఃఖం ఒక్కటే అయితే ఇంతసేపు పట్టేది కాదు. దానితోపాటు సిగ్గు కూడా ఉంది. ఆ సంగతి తరువాత చెబుతాను, ముందు ఆ మహానుభావుణ్ణి గురించి చెప్పాలి.

చిలకలూరిపేటకు మూడు కోసుల దూరంలో నల్లరేగడి చేల నడుమ ఒక చిన్న కేశవస్వామి కోవెల ఉంది. దక్షిణాదిన రాజాస్థానాలలో పదకర్తలు కనకాభిషేకాలు పొందుతున్న కాలంలో, ఏ ఆస్థానం గడపా తొక్కని చిట్టనదాసు అనే వాగ్గేయకారుడు ఈ కోవెలలో కూర్చుని స్వామి ఉయ్యాలసేవకు పదకొండు పదాలు కట్టాడు. అలిగిన అమ్మవారు ఉయ్యాల గొలుసు పట్టుకుని ఆపేసే పదం ఆహిరిలో ఉంది. చేలు నెర్రెలు విచ్చి ఊరు ఆకలితో ఉంటే నీకు ఊగడానికి మనసెలా వచ్చిందని స్వామిని కడిగిపారేసే పదం ముఖారిలో ఉంది. అన్నిటికీ శిరోభూషణం నాదనామక్రియలోని "మెల్లగ నూచరే మేనలసె స్వామికి" అనే పదం. అందులో శృంగారమూ లేదు, వేదాంతమూ లేదు. పగలంతా లోకుల మొరలు విని అలసిపోయిన ఒక దేవుడున్నాడు, అంతే.

ఈ పదాల సాహిత్యం అర్చకుల ఇంట తాటాకుల మీద ఉంది. ఆ ఆకుల మీద రాగం పేరు, తాళం పేరు తప్ప సంగీతం జాడ లేదు. ఆ సంగీతం తరతరాలుగా సైదులు గారి ఇంట ఉంది. వారిది దూదేకుల కుటుంబం. మగవాళ్లు పగలు దూది ఏకేవారు, సాయంత్రం సేవకు నాగస్వరం పట్టేవారు. లోపల అర్చకుడు పదం చదువుతూ ఉయ్యాల ఊపుతుంటే, బయట ధ్వజస్తంభం పక్కన నిలబడి సైదులు గారు ఆ పదాన్ని వాయించేవారు. ధ్వజస్తంభం దాటి ఆయన ఎన్నడూ లోపలికి పోలేదు. ఎవరూ రమ్మనలేదు కూడా. చిట్టనదాసు హృదయమంతా ఆ ధ్వజస్తంభానికి ఇవతలే ఉండిపోయిందని మాకెవరికీ తట్టలేదు.

మనిషి పొడగరి, నల్లగా, గట్టిగా ఉండేవారు. తెల్ల పంచె, తలకు ఎర్ర అంగోస్త్రం. మాట తక్కువైనా ఆ కాస్త మాటలోనూ చమత్కారం ఉండేది. ఒకసారి పేట నుంచి వచ్చిన పెద్దమనిషి ఒకాయన, "ఏం సాయిబుగారూ, నమాజు చేసుకొచ్చి మా స్వామిని ఉయ్యాల ఊపుతావా?" అని ఎకసెక్కం ఆడాడు. "ఊపేది అర్చకులుగారండి. నేను నిద్దరపుచ్చుతానంతే" అన్నారు సైదులు గారు. పెద్దమనిషి కూడా నవ్వక తప్పలేదు.

ఒక ఏడు తిరునాళ్ల ఊరేగింపులో మిరపకాయల లారీ ఒకటి మా పక్కనే గతుకులో పడి, రెండు బస్తాలు జారి పగిలాయి. ఆ ఘాటుకు జనం కకావికలయ్యారు. డోలు వాయించే ఆయన డోలు వదిలేసి పరుగెత్తాడు. సైదులు గారి కళ్ల వెంట ధారగా నీళ్లు కారుతున్నా వాద్యం దించలేదు. చరణం పూర్తిచేసి, పల్లవి ఎత్తుకుని, ముగించి, ఆ తరువాత గోడ పట్టుకుని పావుగంట దగ్గారు. "మధ్యలో ఆపితే ఏం పోయిందండీ?" అని మందలించాను. "దగ్గు మనదండి, పదం దాసుగారిది. ముందు ఆయన పని కావాలి" అన్నారు. అంత నిష్ఠ మా సంగీత కళాశాలలో నేను చూడలేదు.

శిష్యులకు చెప్పే పద్ధతి కూడా ఆయనదే. దూలానికి దారం కట్టి, దాని కొసన దూదిపింజ ఒకటి వేలాడదీసేవారు. నోటితో గాలి ఊది ఆ పింజను ఒకే చోట కదలకుండా నిలబెట్టాలి. అది కుదిరేదాకా వాద్యం ముట్టనిచ్చేవారు కాదు. నేనూ ప్రయత్నించాను. పింజ నా మొహం మీదికి వచ్చి పడింది. మస్తానమ్మ గారు వంటింట్లోంచి చూసి కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నారు.

ఇక నా సంగతి. పదేళ్ల కిందట, కళాశాల పట్టా చేతికి వచ్చిన కొత్తలో, ముప్పై ఏళ్లయినా నిండకుండానే నేను పండితుణ్ణయిపోయాను. చిట్టనదాసు పదాలను స్వరపరచి అచ్చువేయించాలని పూనుకున్నాను. ఆ వేసవి సెలవులంతా సైదులు గారి చూరు కింద కూర్చున్నాను. ఆయన ఒక్కొక్క పలుకే వాయించేవారు, నేను చిత్తుపుస్తకంలో రాసుకునేవాణ్ణి. "మెల్లగ నూచరే" దగ్గర చిక్కు వచ్చింది. పల్లవి చివర గాంధారం మీద ఆయన గాలి తగ్గించేవారు. ఆ స్వరం కిందికి వంగి, శాస్త్రంలో ఉన్న సాధారణ గాంధారానికీ అంతర గాంధారానికీ నడుమ ఎక్కడో నిలిచేది. దాన్ని రాయడానికి అక్షరం లేదు.

"సైదులు గారూ, ఇక్కడ శ్రుతి తప్పుతోందండీ."

"తప్పటం కాదండి పంతులుగారూ. అక్కడ స్వామి కునుకుతా ఉంటాడండి. గాలి తగ్గియ్యాల."

"నాదనామక్రియకు అంతర గాంధారమే. శాస్త్రం అది."

"మా నాయన ఇట్టాగే ఊదాడండి. ఆయన నాయనా ఇట్టాగే ఊదాడంట."

"నాలుగు తరాలు తప్పు వాయిస్తే అది ఒప్పవుతుందా?"

ఆ మాట అన్నది నేనే. ఆయన వాద్యం ఒళ్లో పెట్టుకున్నారు. "సదువుకున్నోళ్లు మీరు. రాసుకోండి" అన్నారు. నేను రాసుకున్నాను. పదకొండు పదాలలోనూ ఆ వంపు ఎక్కడ కనిపించినా సరిదిద్దాను. పుస్తకం అచ్చయ్యాక, ఆయన వాయించిన వంపులన్నిటికీ నేను గుర్తులు పెట్టుకున్న ఆ చిత్తుపుస్తకం ఇంకెందుకని చింపి నీళ్లపొయ్యిలో వేశాను.

పుస్తకానికి మంచి పేరు వచ్చింది. సంగీతం చెప్పేవారు కొనుక్కున్నారు. చీరాలలో ఒక పెళ్లిలో సైదులు గారి శిష్యులు ఈ పదం వాయిస్తే, పెళ్లివారిలో ఒకాయన పుస్తకం తెరిచి, "ఏమర్రా, అపస్వరం వాయిస్తున్నారేమిటి?" అని నలుగురిలో గద్దించాడట. మరుసటి ఉత్సవంలో సైదులు గారు ధ్వజస్తంభం పక్కన నిలబడి, నా పుస్తకంలో ఉన్న గాంధారాన్ని నిటారుగా వాయించారు. నేను పొంగిపోయాను. "చూశారా, శాస్త్రప్రకారం ఎంత హాయిగా ఉందో!" అన్నాను. ఆయన నవ్వి నమస్కారం పెట్టారు. ఆ నమస్కారాన్ని ఘనకార్యంలాగా స్నేహితులకు ఎన్నిసార్లు చెప్పుకున్నానో లెక్కలేదు.

కిందటి కార్తికంలో మా బడి ఉపాధ్యాయులం వాడరేవుకు వెళ్లాం. ఎండుచేపలు ఆరబోసిన ఇసుకలో, ఒడ్డుకు లాగిన పడవకు చీర ఉయ్యాల కట్టి, ముసలమ్మ ఒకామె పసివాణ్ణి ఊపుతోంది. ఊపుతూ పాడుతోంది. "మెల్లగ నూచరే మేనలసె స్వామికి." చివర గాంధారం వంగింది. సరిగ్గా అక్కడే, సరిగ్గా అంతే. నేను ఆ పడవ దగ్గరికి నడిచాను.

"ఎవరు నేర్పారమ్మా ఈ పాట?"

"ఎవురు నేర్పేదేందయ్యా? మాయమ్మ పాడేది. ఈ ఒక్క ముక్కే వచ్చు. ఈడు ఈ ముక్కకే పడుకుంటాడు."

ఆమె ఆ కోవెల పేరు కూడా వినలేదు. సముద్రపుటొడ్డున ఒకరు, రేగడి చేలలో ఒకరు, ఒకరి మొహం ఒకరు ఎరగని ఇద్దరి గొంతులో ఒకే తప్పు ఒకే చోట పుట్టదు. అది చిట్టనదాసు పెట్టిన స్వరం. నేను తుడిచేసిన స్వరం.

ఆ ఆదివారమే సైదులు గారి దగ్గరికి పరుగెత్తాను. పెళ్లిళ్లు లేని నెలల్లో పత్తి గింజలు తీసే జిన్నింగు మిల్లులో పనిచేసి చేసి, ఆ దూదిపొడి ఆయన రొమ్మంతా పేరుకుపోయింది. మంచం మీద గోడకు ఆనుకుని కూర్చున్నారు. కూర్చుంటేనే ఊపిరి ఆడుతోంది. నేను చేసిన అపరాధమంతా చెప్పి ఆయన పాదాలు పట్టుకున్నాను. ఆయన కంగారుపడి కాళ్లు ముడుచుకున్నారు. "ఒక్కసారి పాత పద్ధతిలో పాడండి. ఈసారి విన్నది విన్నట్టు నేర్చుకుంటాను" అన్నాను.

సన్నగా ఎత్తుకున్నారు. పల్లవి చివర గాంధారం నిటారుగా వచ్చింది. ఆయన మొహంలో బెదురు కనిపించింది. మళ్లీ ఎత్తుకున్నారు. మళ్లీ నా గాంధారమే. మూడోసారి మధ్యలోనే ఆగిపోయారు.

"పోయిందండి. పదేళ్లు మీ పద్ధతి ఊది ఊది, నోట్లో ఇదే కూకుంది."

"ఆనాడే నన్ను గట్టిగా కాదనకపోయారాండీ?"

"అన్నానండి. మీరు ఇనలా."

"మీరెందుకు మార్చుకున్నారండీ?"

"పుస్తకం ఒకటి చెప్పి, గురువు ఒకటి చెబితే, నా దగ్గర నేర్చిన పిల్లల్ని పెళ్లిళ్లకు ఎవురు పిలుస్తారండీ?"

మస్తానమ్మ గారు మధ్యకు వచ్చి, "ఇంక మాట్టాడించమాకండి అయ్యా, ఊపిరి అందట్లా" అన్నారు. లేచి వచ్చేశాను. ఆయనను చూడడం అదే కడసారి.

అంతటి విద్వాంసులు మళ్లీ పుడతారో లేదో నేను చెప్పలేను. మళ్లీ పుట్టినా వారికి ఈ పదాలు ఎవరు చెబుతారు? ముసలమ్మ దగ్గర ఒక్క పల్లవి మిగిలింది. చరణాలు లేవు. సైదులు గారి శిష్యులు కూడా ఇన్నేళ్లుగా నా గాంధారమే వాయించి వాయించి పాతది మరిచిపోయారు. తక్కిన పది పదాలలో ఆ వంపులు ఎక్కడెక్కడ ఉండేవో, ఏది ఎంత వంగేదో ఇక ఈ భూమి మీద ఎవరికీ తెలియదు. సైదులు గారికి నేను అర్పించగల నివాళి ఒక్కటే. నా పుస్తకం ఉన్నవారందరికీ చేతులు జోడించి విన్నవించుకుంటున్నాను. తెరిచి, "మెల్లగ నూచరే" పల్లవి చివరి గాంధారాన్ని సిరాతో కొట్టివేయండి. తక్కిన పదాలలో ఏ గాంధారాన్నీ నమ్మకండి. కొట్టివేసిన చోట రాయడానికి అక్షరం లేదు. తక్కిన చోట్ల ఏమి రాసుకోవాలని మాత్రం నన్ను అడగకండి. అది తెలిసినవారు మంగళవారం పోయారు. పదేళ్ల కిందటే నేను దాన్ని ఆయన నోటి నుంచి తీసేశాను.