గెణుసుగడ్డ చుట్టరికం

కొండమీది దేవుడి మీద ఒట్టు, ఇందులో ప్రతి మాటా నిజం.

పాకాల స్టేషన్లో రైలు ఎంతకీ రాలేదు. పుత్తూరులో విరిగిన చేతికి కట్టు కట్టించుకున్న రైతొకడు నా పక్కన ఆకలితో సోలిపోతున్నాడు. ఉడకబెట్టిన గెణుసుగడ్డ, అదే చిలగడదుంప, ఇస్తే భయపడినాడు.

“వద్దప్పా. వంకాయ, ఉర్లగడ్డ తినొద్దని పత్యం పెట్టినారు. ఇదీ గడ్డే గదా? ఎముక అతక్కపోతే మడక పట్టి యాడ దున్నేది?”

“ఉర్లగడ్డ, అదే బంగాళదుంప, దాని పువ్వు సూడు, అచ్చం వంకాయ పువ్వే. టమోటా, మిరప గూడా ఆ ఇంటివే. గెణుసు పువ్వు తూటిపువ్వు మాదిరి గరాటులా ఉంటాది. దాని వంశమే వేరప్పా!”

“గడ్డలకు సంబంధాలు సూస్తా ఉండావే!” అని నవ్వి, మొత్తం తినేసినాడు.

నవ్విన మాట నిజమే. తిన్నాడన్నదే నా కల్పన. గడ్డను మర్యాదగా నా ఒళ్లో పెట్టి, ఆకలితోనే రైలెక్కినాడు. ఊరందరికీ అబద్ధాలు నమ్మించినవాణ్ణి, ఆ ఒక్క నిజం నమ్మించలేకపోయినాను.