బొడ్డమ్మ టెక్కలి వెళ్ళి తెచ్చిన సాక్షి

మా పెద్దమ్మ బొడ్డమ్మ పేరెత్తితే చాలు, మా బంధువులంతా ఆమె నోటి గురించే మాట్లాడతారు. నోరు పెద్దదే, నేను కాదనను. బావి దగ్గర ఆమె మొదలుపెడితే వీధి చివర పిల్లలు ఏడుపు మానేసేవారట. కానీ ఆ నోరు ఒకసారి ఏం చేసిందో తెలియకుండా ఆడిపోసుకునేవాళ్ళను చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. అందుకే ఈ నాలుగు ముక్కలు రాస్తున్నాను.

మొదటి జర్మనీ యుద్ధం రోజులు. ఉద్దానంలో, జలంత్రకోటలో మాకున్నది చిన్న కొబ్బరితోట. గాలివాన వచ్చి సగం చెట్లు పడగొట్టేసరికి, బొడ్డమ్మ మొగుడు, అంటే మా పెదనాన్న దాలయ్య, పలాస వెళ్ళి సర్కారు దండులో చేరిపోయాడు. అప్పటికి వాళ్ళకు పెళ్ళై రెండేళ్ళు కాలేదు. పేరుకు దండే గానీ చేతికి తుపాకీ ఇవ్వలేదు. సముద్రాలు దాటి బస్రా అనే ఊరికి పైన ఎక్కడో పెద్ద ఏటి మీద పడవల్లోకి బస్తాలు మొయ్యడం ఆయన పని. మొదట్లో ఎవరిచేతనో రాయించిన కార్డు ఒకటి వచ్చింది. ఆ తర్వాత ఏమీ లేదు.

ఒకరోజు మా తాత వరహాలయ్య సోంపేట సంతకు కాయలు తీసుకెళ్ళి, తిరిగొచ్చి కావిడి వాకిట్లో పడేసి అలాగే కూలబడిపోయాడు. కొబ్బరికాయల షావుకారు చెప్పాడట, దాలయ్య యుద్ధంలో చచ్చిపోయాడని. ఊరికే కూడా కాదు. నలుగురు తుర్కీవాళ్ళను బల్లెంతో పొడిచి, గుండు తగిలి, మీసం మీద చెయ్యేసుకుని మరీ పడిపోయాడట. ఊరు ఊరంతా వచ్చి కూర్చుంది. ఏడ్చినవాళ్ళు ఏడ్చారు, దాలయ్య అంత మగాడని తామెప్పుడూ అనుకోలేదని ముక్కుమీద వేలేసుకున్నవాళ్ళు వేసుకున్నారు.

తాత మరునాడే కర్మలు చేయించే దాసుణ్ణి పిలిపించాడు. శవం లేని చావు కాబట్టి దర్భలతో మనిషి బొమ్మ కట్టి, అమావాస్యనాడు దాన్ని కాల్చి, అక్కడినుంచి కర్మలు నడపాలన్నాడు దాసుడు. బొమ్మ కాలిందంటే దాలయ్య పోయినట్టే. పదో రోజున బొడ్డమ్మ గాజులు పగలగొట్టి, బొట్టు చెరిపి, పుస్తెలు తెంపుతారు. ఆ తర్వాత సాక్షాత్తూ ఆ దాలయ్యే వచ్చి గుమ్మంలో నిలబడ్డా, కర్మలు జరిగిపోయిన మనిషిని ఇంట్లోకి రానివ్వడానికి ఎవరికీ ధైర్యం ఉండదు.

"ఎవులు సూసినారు మావా?" అని అడిగింది బొడ్డమ్మ.

"షావుకారు సెప్పినాడు కాదేటి."

"షావుకారు బస్రా ఎప్పుడెల్లినాడు?"

తాతకు కోపం రాలేదు. వచ్చుంటే బాగుండేదని పెద్దమ్మ అనేది. ఆయన తల వంచుకుని, "ఆడు ఏ దిక్కులో పడున్నాడో, గుంటా. ముద్ద పెట్టకపోతే ఆకలితో తిరుగుతాడు. నా కొడుకు అలాగ తిరుగుతుంటే నాను ఇక్కడ కూకుని అన్నం ఎలా తింతాను?" అన్నాడు.

 కానీ ఊరుకునే మనిషి అయితే ఆమె బొడ్డమ్మ ఎందుకవుతుంది? తెల్లారి సోంపేట వెళ్ళి షావుకారు కొట్టు ముందు నిలబడింది. నలుగురు తుర్కీవాళ్ళ సంగతి నీకెవరు చెప్పారని అడిగింది. నౌపడ స్టేషనులో ఒక కుంటివాడు చెప్పాడన్నాడు షావుకారు. కుంటివాడు నలుగురు అన్నాడా అని మళ్ళీ అడిగింది.

"నలుగురు అనీసి అనలేదనుకో," అని నసిగాడు షావుకారు. "పడవ ములిగిపోనాదన్నాడు. మరి యుద్ధమన్నాక ఎవుణ్ణో ఒకణ్ణి సంపకుండా పోతాడేటమ్మా? మీవోడి పరువు కోసం నానే ఓ మాట ఏసినాను."

"మా పరువు నీ కాడ తాకట్టెట్టినామేటి?" అని, ఇంకా నాలుగు దులిపి, ఆ కుంటివాడి పేరూ ఊరూ రాబట్టింది. గిద్యోను. టెక్కలి. దండులో కంచరగాడిదలు తోలినవాడు.

సోంపేటలో రైలెక్కి నౌపడలో దిగి, అక్కడినుంచి పర్లాకిమిడి వెళ్ళే చిన్న రైలుబండిలో టెక్కలి చేరింది. జన్మలో మొదటిసారి రైలెక్కడం. భయం వేసిందా అని నేనడిగితే, "బయపడ్డానికి తీరికేదే?" అంది.

గిద్యోను మిషను చర్చి వెనక గుడిసె ముందు కూర్చుని ఎవరిదో తోలుపట్టీ కుడుతున్నాడు. పాతికేళ్ళు ఉంటాయేమో, ఒక కాలు మడత పడదు. యుద్ధం సంగతి అనగానే మొహం తిప్పుకున్నాడు. వచ్చినవాళ్ళంతా తుపాకులు, ఫిరంగులు అడుగుతారు, తను గాడిదలు, బురద, ఈగలు అంటే లేచి వెళ్ళిపోతారు అని విసుక్కున్నాడు.

"నాకు ఈగలే కావాల తమ్ముడా," అంది బొడ్డమ్మ. "నీ కళ్ళతో సూసింది సెప్పు. ఇనికిడి మాట ఒక్కటీ కలపొద్దు. నాకు కాదు, మా మావకి సెప్పు. తన కొడుకుని కాల్చడానికి దర్భలు కోసుకొచ్చినాడు."

గిద్యోను కుట్టుపని పక్కన పెట్టి కర్ర అందుకున్నాడు. ఆ కాలితో రైలెక్కి, సోంపేట నుంచి ఇసకదారిలో నడిచి వచ్చిన ఆ మనిషి రుణం మా వంశం తీర్చుకోలేదు. నాకు ఆయనంటే దేవుడితో సమానం, అంతే.

వాళ్ళు చేరేసరికి అమావాస్య రానే వచ్చింది. తోటలో దర్భబొమ్మను చాప మీద పడుకోబెట్టి, పైన తెల్లగుడ్డ కప్పి ఉంది. తాత స్నానం చేసి తడిబట్టతో నిలబడి ఉన్నాడు. మొగుడి కర్మ పెట్టుకుని కోడలు ఊళ్ళు పట్టుకు తిరుగుతోందని కూడినవాళ్ళు గుసగుసలాడుతున్నారు.

"సూసినోణ్ణి తెచ్చినాను మావా. ఇనీసి అప్పుడు కాల్చు," అంది.

తాత గిద్యోనును అరుగు మీద కూర్చోబెట్టాడు. గిద్యోను చెప్పడం మొదలుపెట్టాడు. ఏరు వరదమీద ఉంది. మన వైపువాడని తనకు పరిచయమైన దాలయ్య ఉన్న పడవ ఏటి మధ్యలో ఉండగా అవతలినుంచి ఫిరంగి పేలింది. పడవ తిరగబడింది. తను ఇవతలి గట్టున గాడిదల్ని పట్టుకుని నిలబడి ఉన్నాడు. నీళ్ళలో బస్తాలు కనిపించాయి, మనుషులు కనిపించలేదు.

"సాలు బాబూ," అని తాత లేచాడు. దాసుడు నిప్పు అందించబోయాడు.

"కూకో మావా," అంది బొడ్డమ్మ.  "ఇంకా అవ్వనేదు. ఆ తరవాత ఏటి సూసినావు తమ్ముడా?"

"ఇంకేటి నేదప్పా. ఆ పొద్దే మమ్మల్ని అక్కణ్ణించి తోలీసినారు."

"తోలీసే దాకా ఏటి సూసినావు?"

గిద్యోను కాస్త ఆలోచించి, చిన్నగా నవ్వాడు. "అవతల గట్టున ఖర్జూరం తోపు నీళ్ళలో ములిగుంది. ఎవుడో తిక్కలోడు సెట్టెక్కుతున్నాడు. ఆ ఊరోడే అనుకున్నాం. అందరం నవ్వుకున్నాం."

"ఎందుకు నవ్వినారు?" అని అడిగాడు తాత.

"ఆ దేశపోళ్ళు నడుముకి తాడు సుట్టుకుని ఎక్కుతారు తాతా. ఈడేమో తలగుడ్డ మెలేసి కాళ్ళకేసుకుని, కప్పలాగ ఎగిరెగిరి ఎక్కినాడు. సగం దాకా ఎక్కి ఆగిపోనాడు. కిందేమో వరద, ఎనకాల ఫిరంగులు, ఈడు తీరుబడిగా మానుని అరచేత్తో దబదబా కొట్టి, పైకి సూసి, మళ్ళీ కొట్టి, అప్పుడు ఎక్కినాడు."

తాత ఉన్నచోటనే చతికిలబడి, రెండు చేతులతో మొహం కప్పుకుని ఏడ్చేశాడు. అందరూ కంగారుపడ్డారు. బొడ్డమ్మ వెళ్ళి భుజం పట్టుకుంది.

"కందిరీగలే," అన్నాడు తాత. "సిన్నప్పుడు కొబ్బరిమట్టలో కందిరీగలు కుట్టి సచ్చి బతికినాడు. అప్పణ్ణించీ సగం సెట్టెక్కి మానుని కొట్టి, రీగలు లేత్తాయేమోనని సూత్తాడు. అందుకు నాను ఎన్నిసార్లు తిట్టినానో. ఇలాగెక్కేవోడు ఈ ఉద్దానం మొత్తానికి ఒక్కడే. ఆడు నా కొడుకే. సెట్టెక్కీసినాడు. బతికినాడు."

అమ్మయ్య అని ఆ తోటంతా ఒక్కసారి ఊపిరి వదిలిందట. తాత తనే దర్భబొమ్మ కట్లు విప్పి దూడ ముందు పడేశాడు. మరి నా సంభావన మాటేమిటని దాసుడు అడిగితే, నా కొడుకు వచ్చాక వాణ్ణే అడుగు అన్నాడు. బొడ్డమ్మ మాత్రం ఇంటి వెనక్కి వెళ్ళి కడుపారా ఏడ్చింది. అన్ని రోజులూ ఆమె కంట చుక్క రాలలేదు.

చెట్టెక్కినంత మాత్రాన దిగినట్టేనా అని సన్నాయి నొక్కులు నొక్కినవాళ్ళూ ఉన్నారు. వాళ్ళకు బావి దగ్గర జవాబు దొరికింది. మరుసటి ఏడు వానాకాలంలో దాలయ్య పెదనాన్న వచ్చాడు, సగం మనిషై, గడ్డంతో. వేరే దండువాళ్ళు పడవేసుకొచ్చి చెట్టు మీంచి దించారట. ఆ తర్వాత జ్వరంతో నెలల తరబడి ఆసుపత్రిలో ఉన్నాడట.

కర్మ దాకా వెళ్ళిన సంగతి ఎవరో నోరుజారారు. పెదనాన్న మనసుకు కష్టం తోచింది.

"నాను పోనానని ఎలా నమ్మీసినావు అయ్యా?" అని అడిగాడు.

తాత నేలచూపులు చూశాడు. బొడ్డమ్మే మాట్లాడింది. ఆమె అంత మెత్తగా మాట్లాడగా ఇంట్లో ఎవరూ వినలేదట.

"నమ్మీసి కాదు. నువ్వు ఆకలితో తిరుగుతన్నావేమోనని బయపడ్డాడు. ఎలాగోలాగ నీకు ముద్ద అందించాలనుకున్నాడు."

పెదనాన్న వెళ్ళి కాళ్ళు కడుక్కుని వచ్చి పీట మీద కూర్చున్నాడు. తాత ఎవరినీ రానివ్వకుండా తనే ఆకు వేసి, తనే అన్నం వడ్డించి, కొడుకు తింటుంటే ఎదురుగా కూర్చుని చూశాడు.