ఓడకు దిష్టి తీసినాను

తమ్ముడి పెళ్లికి ఎందుకు రాలేదురా అని ఊరంతా నన్ను అడగతా ఉండారు. ఏం చెప్పేది? ఒక గుమ్మడికాయ వల్ల రాలేదురా! నవ్వబాకండి, టీ తాగతా వినండి.

నేను వంట చేసే సరుకుల ఓడ సంగతి తెలుసు గదా. మన ఆత్మకూరు డిపోలో మూలన పడేసిన బస్సు కన్నా ముసలిది. నడిసముద్రంలో ఇంజను ఆగిపోతాది. ఇంజను బాగుచేస్తే జనరేటర్ పోతాది. జనరేటర్ వస్తే నా ఫ్రిజ్ పోతాది. ఆ రోజు ఉన్న చేపలన్నీ వండాల్సిందే, మూడు పూటలా చేపలే!

ఈసారి సరుకు ఎక్కించుకొని కృష్ణపట్నం చేరితే నేను దిగిపోవచ్చు. పెళ్లికి వారం ముందే ఇంట్లో ఉంటాను. కానీ బయల్దేరే రేవులో ఇన్‌స్పెక్షన్ పడింది. పాసైతేనే ఓడ కదిలేది. కెప్టెన్ తుప్పు కనపడిన చోటల్లా తెల్ల పెయింట్ కొట్టించినాడు. ఇన్‌స్పెక్టర్ వచ్చి, అంతా తిరిగి చూసి, కెప్టెన్ రూములో కాఫీకి కూర్చున్నాడు. "పాసైనట్టే" అన్నారు మావాళ్లు.

నా సంతోషం చూడాలి! మనూళ్లో లారీ బయల్దేరే ముందు దిష్టి తీయమా? ఇంత పెద్ద ఓడకి తీయకపోతే ఎట్టా? స్టోర్‌లో గుమ్మడికాయ ఉండాది. బొక్క పెట్టి, కుంకుమ నింపి, మూడుసార్లు తిప్పి, కిందికి దిగే నిచ్చెన ముందర ఫట్‌మని కొట్టినాను.

చీపురు తెచ్చేలోపలే ఇన్‌స్పెక్టర్ వచ్చేసినాడు. గుజ్జు మీద కాలేసినాడు. జారతా జారతా రెయిలింగ్ పట్టుకున్నాడు. రెయిలింగ్ ఊడి చేతికొచ్చింది! పైన పెయింట్, లోపలంతా తుప్పే.

ఎర్రగా తడిసిన ప్యాంటుతో లేచి, "వాట్ ఈజ్ దిస్?" అన్నాడు.

"సేఫ్టీ కోసం సార్," అన్నాను.

ఇంకేముంది! సుత్తి తెప్పించి మళ్లీ మొదట్నుంచి చూసినాడు. కొట్టిన చోటల్లా బొక్కే. ఓడని ఆపేసినారు. రిపేర్లు అయ్యేలోపల పెళ్లి అయిపోయింది. తాళి కట్టేది ఫోన్‌లో చూద్దామంటే సరిగ్గా అప్పుడే సిగ్నల్ పోయింది. నిజంగా ఏడుపొచ్చిందిరా.

నిన్న నాయన కొత్త ట్రాక్టర్ తెచ్చినాడు. దీనికైనా పనికొద్దామని గుమ్మడికాయ ఎత్తుకున్నాను. అవ్వ గడపలోనుంచే అరిచింది.

"ఒరే, అది కింద పెట్టు! నువ్వు ట్రాక్టర్ దిక్కు చూడను గూడా చూడబాక!"