మంచులో కనిపించిన కొండ

ఆ పొద్దు దొడ్లో నిలబడి కోటప్పకొండకు దణ్ణం పెట్టుకుంటున్నాను. మా ఊళ్ళో ముఖం కడుక్కోగానే ఆడామగా అందరం కొండవైపు తిరిగి దణ్ణం పెడతాం. "ఎంత తేటగా ఉన్నాయో మూడు శిఖరాలూ" అన్నాను. గొడ్లకు మేత వేస్తున్న మా ఆయన విరగబడి నవ్వాడు.

"ఏందే, మంచు కమ్మి ఎదురింటి కప్పే కనపడట్లా. నీకు కొండ యాడ కనపడిందే?"

నాకు నిజంగానే కనిపించింది.

"నవ్వమాకరా. స్వామి దానికి దర్శనమిస్తున్నాడు" అంది మా అత్త. ఆ మాట ఊరంతా పాకింది. ఆడవాళ్ళు పసిబిడ్డల్ని తెచ్చి నా చేత దీవెనలు పెట్టించుకున్నారు. నాకూ చానా గర్వంగా ఉండేది, దాచడమెందుకు. గడప తన్నుకుంటే గుడ్డిదీపాన్ని తిట్టేదాన్ని. యుద్ధం రోజులు, కిరసనాయిలు కరువు. పక్కనుంచి వచ్చే మనిషిని గుద్దుకుంటే భక్తిలో ఉందన్నారు. అలా ఏడాది పోయింది.

ఒకరోజు అన్నం వారుస్తూ గంజి మా అమ్మాయి కాలి మీద పోశాను. అది నా పక్కనే కూర్చుందట. దాని కేక విన్నాకే మా ఆయన నన్ను గుంటూరు ఆసుపత్రికి తీసుకెళ్ళాడు.

డాక్టరమ్మ కంట్లో లైటు వేసి చూసింది. "గ్లకోమా. లోపల ప్రెషర్ పెరిగి నరం చాలావరకు చచ్చిపోయింది. ఇన్నాళ్ళూ ఏం చేస్తున్నారు?"

"కొండ కనపడతందంటే కళ్ళు బాగున్నయ్యనుకున్నామమ్మా" అన్నాడాయన.

"ఏళ్ళ తరబడి రోజూ చూసిన కొండ. కళ్ళు చూపించకపోయినా మనసు చూపిస్తుంది. ముందే వస్తే అప్పటికున్న చూపైనా నిలిపేదాన్ని."

ఆపరేషన్ చేశారు. కట్టు విప్పాక ఎడమ కంటికి కాస్త వెలుగు తెలిసింది. చుక్కల మందు వేస్తూనే ఉన్నాం. వానలు పడేనాటికి అదీ పోయింది.

ఆ తర్వాత ఒకనాడు దొడ్లో నిలబడితే, "గుడ్డిదానికి కొండెందుకే, లోపలికి పో" అంది దర్శనం కనిపెట్టిన మా అత్తే. దీవెనలకు వచ్చినవాళ్ళు ఇప్పుడు బిడ్డల్ని నాకు ఎదురు రానివ్వరు.

నేను చెబుతుంటే ఇది మా అమ్మాయి రాస్తోంది. ఓణీలు వేస్తోంది, అచ్చం నా పోలికేనట. నాకు మాత్రం ముందు పళ్ళు ఊడిన ముఖమే తెలుసు. కొండ ఇప్పటికీ కనిపిస్తుంది, మూడు శిఖరాలూ. దాన్ని చూస్తే ఒళ్ళు మండిపోతుంది. కళ్ళు మూసుకున్నా పోదు.

మీ ఇంట్లో ఎవరి చూపు మీదైనా అనుమానం వస్తే రోజూ చూసే కొండను చూపించి అడగకండి. బిడ్డ ముఖంలో ఈ మధ్య ఏం మారిందో అడగండి. చెప్పలేకపోతే ఆ రోజే బండి కట్టండి.