చేలో గోల్ఫ్ ఆడిన మా అత్త

మా మేనత్త పోయిందని గత గురువారం పొద్దున్నే నరసాపురం నుంచి ఫోన్ వచ్చింది. ఎనభై దాటిన మనిషి, నిద్రలోనే వెళ్ళిపోయింది. అదృష్టవంతురాలన్నారు అందరూ. నాకు మాత్రం ఏడుపు ఆగలేదు.

మా వైపు గోల్ఫ్ ఆడిన మొదటి ఆడమనిషి ఆవిడేనంటారు. ఆ మాట ఎవరన్నా, “మొదటేంటి, ఆ రోజుల్లో వెతికినా రెండోది లేదు” అని నవ్వేసేది.

పెళ్ళయిన కొత్తలో మావయ్య ఉద్యోగం ఓ ఫ్యాక్టరీ కాలనీలో. అక్కడి మైదానంలో ఆయన సరదాకి నేర్చుకుంటే, అత్త పట్టుదలగా నేర్చుకుంది. వ్యవసాయం చూసుకోవడానికి ఊరొచ్చేశాక మావయ్య ఆ కర్రలు ముట్టలేదు. అత్త మాత్రం రెండో పంట దాళ్వా కోతలయ్యాక ఖాళీ చేలోకి దిగేది. ఎండకు విచ్చిన నెర్రెల్లో బంతి పడితే, “చేత్తో తీసి పక్కన పెట్టుకోవచ్చు కదత్తా?” అనేదాన్ని. “పడినచోటు నుంచే కొట్టాలే. నేలతో పేచీ పెట్టుకుంటామా?” అనేది.

ఓసారి దూరం నుంచి చూసిన పాలేరు పరుగున వెళ్ళి అత్తవాళ్ళ మామగారికి చెప్పాడు: “కోడలుగారు చేలో ఎలకల్ని కొడుతున్నారండీ!” పెద్దాయన స్వయంగా వచ్చి చూశారు. ఎలకలైనా బాగుండేదనుకున్నారు కాబోలు. అత్త బతిమాలగా బతిమాలగా విశాఖపట్నంలో పోటీకి ఒప్పుకున్నారు, ఒక షరతు మీద.

“కప్పు తెస్తే ఆడుకో అమ్మా. లేకపోతే ఆ కర్రలు అటకెక్కాలి.”

అత్త సరేనంది.

తోడుగా నేను వెళ్ళాను. అప్పుడు కాలేజీలో చదువుతున్నాను. ఎంత తక్కువ దెబ్బల్లో బంతి గుంతలో వేస్తే అంత గొప్ప ఆ ఆటలో. అత్త చీరలోనే ఆడింది. కప్పు ఈవిడదో, ఇంకో ఆవిడదో అన్నంతదాకా వచ్చింది. ఆఖరి గుంత దగ్గర అత్త కొట్టబోతుంటే కుచ్చిళ్ళు తగిలి బంతి బెత్తెడు దొర్లింది. ఆ క్షణాన అందరూ ఎటో చూస్తున్నారు. చూసింది అత్త, నేను. అత్త ఆ రెండో ఆవిడను పిలిచి, “నా చీర తగిలి కదిలిందండి. నాకో దెబ్బ ఎక్కువ రాయండి” అంది. ఆ ఒక్క దెబ్బతోనే ఓడిపోయింది.

తిరుగు రైల్లో నేనే ఏడ్చాను. “ఇంట్లో ఏం చెబుదాం?” అన్నాను.

“ఓడిపోయానని చెబుదాం. నిజమే కదా.”

“మరి చీర సంగతి?”

“అది చెబితే జాలిపడి ఆడుకోమంటారు. నాకొద్దు. నువ్వూ చెప్పకు.”

ఇంటికి రాగానే కర్రల్ని పాత పంచెలో చుట్టి తనే అటకెక్కించింది. పన్నెండేళ్ళు వాటి ఊసెత్తలేదు. బియ్యం చెరుగుతున్నప్పుడు మాత్రం పొట్టు ఎటు ఎగురుతోందో చూసి, “ఈ గాలికి కాస్త కుడికి కొట్టాలి” అని తనలో తను అనుకునేది.

ఒకసారి చుట్టాల ముందు పెద్దాయన, “మా కోడలు ఓడిపోయొచ్చాక బుద్ధిగా ఇంటిపట్టున ఉంటోంది” అన్నారు. నాకు ఒళ్ళు మండింది. జరిగిందంతా చెప్పేశాను. ఆయన కండువా భుజాన వేసుకుని బయటికెళ్ళిపోయారు. అత్త మాత్రం వంటింట్లోకి పిలిచి, “నీ నోట్లో నువ్వుగింజ నానదు కదే” అని నా నెత్తిన మొట్టింది.

మర్నాడు పొద్దున్నే పెద్దాయన అత్తను పిలిచి, “అటక మీదవి దించమ్మా” అన్నారు.

ఆ తర్వాత ఆవిడ గెలిచిన కప్పులు ఇంట్లో ఉన్నాయి, ఫొటోలూ ఉన్నాయి. నా కళ్ళలో నిలిచిపోయింది మాత్రం ఆ పొద్దుటి ఆటే. గట్టు మీద పెద్దాయనకు కుర్చీ వేశాం. అత్త కర్ర ఎత్తి కొట్టింది. పన్నెండేళ్ళుగా అలవాటు తప్పిన చెయ్యి. కర్ర గాలిలో తిరిగింది, బంతి ఉన్నచోటే ఉంది.

“ఇది లెక్కలోకి రాదులేమ్మా” అన్నారు పెద్దాయన.

“వస్తుందండి మామయ్యగారూ. ఒకటి” అంది అత్త.

“సరే, ఒకటి” అని ఆయన ఒక వేలు ముడిచారు.

రెండో దెబ్బకు బంతి లేచింది. కొబ్బరిచెట్ల తలలు దాటిపోయింది. ఎక్కడ పడిందో మాకెవరికీ తెలియలేదు. పెద్దాయన ముడిచిన వేలు విప్పకుండానే, రెండో చెయ్యి కళ్ళకు అడ్డం పెట్టుకుని, చాలాసేపు అటే చూస్తూ కూర్చున్నారు.