డెన్మార్క్ నటికి ఫిట్ ఎవరిచ్చారు?

మా అత్తగారు బాత్‌రూమ్‌లో జారిపడి తుంటి ఎముక విరగ్గొట్టుకున్న ఏడాది, హిందీ రాష్ట్రంలో ఉన్న మా పర్సుడీహ్ ఇంట్లో మధ్యాహ్నాలన్నీ ఒక డెన్మార్క్ నటికి రాసిచ్చేశాం. పిచ్చి నాది. పాత యూరప్ దెయ్యాల సినిమాలంటే చెవి కోసుకుంటాను. అత్తగారి మంచం పక్కన కూర్చుని ఫోన్‌లో చూస్తుంటే, ఏమీ తోచక ఆవిడా ఇటు తిరిగింది.

ఆపరేషన్ బాగానే జరిగింది. వాకర్ పట్టుకుని రోజూ నడవాలని, లేకపోతే ఇక మంచమే గతని డాక్టర్ నాకు విడిగా చెప్పాడు. అత్తగారు కాలు కింద పెట్టనంటే పెట్టనంది. పోయిన మావయ్యగారు రైల్వే గార్డు, గూడ్సు బండి చివరి పెట్టెలో బతికిన మనిషి. రైల్వే ఇళ్లలో జబ్బు చేస్తే 'సిక్'లో ఉన్నట్టు. డాక్టర్ 'ఫిట్' అని రాసిచ్చేదాకా డ్యూటీ ఎక్కకూడదు. ఆ రూలు ఆవిడ తన తుంటికీ పెట్టేసుకుంది.

"నడవమన్నాడు గానీ, ఫిట్ ఇచ్చినాడేటి? ఫిట్ నేకుండా డ్యూటీ ఎక్కితే రేపేదైనా అయితే ఎవులు జవాబ్?"

పోనీ ఓ కాగితం రాయించుకొస్తానంటే, రైల్వే డాక్టరు ముద్ర కావాలంది. మా ఆయన గమ్హరియా ఫ్యాక్టరీ నుంచి వచ్చి, "మా, చలో నా, థోడా సా" అని హిందీలో, కాస్త నడువమ్మా అని బతిమాలితే గోడవైపు తిరిగి పడుకునేది. అసలు సంగతి, మళ్లీ పడతానని భయం. అది ఒప్పుకుంటే పరువు తక్కువ. ఆవిడ ఇక లేవదేమోనని నా భయం నాది.

ఆ నటి పని మాత్రం ఒకటే. పొడవాటి గౌను వేసుకుని, కొవ్వొత్తి పట్టుకుని కోటలో పరిగెత్తడం, మెట్ల దగ్గర పడడం, చావడం. డెన్మార్క్‌లో చిన్న కుటుంబ చిత్రాలతో మొదలై, ఇటలీ వెళ్లి రక్తపిశాచాల పాలబడింది. తర్వాత జర్మనీలో గూఢచారుల మధ్య, స్పెయిన్‌లో గుర్రాల మధ్య తేలింది. ఏ దేశంలో తీస్తే ఆ దేశపు మనిషెవరో డబ్బింగ్ చెప్పేవారు. మేం చూసిన వాటిలో సొంత గొంతు ఎక్కడా లేదు. ఇదంతా నేను చెబుతుంటే అత్తగారు రైల్వే సర్వీసు కింద జమకట్టేది.

"ఇటలీకి ట్రాన్స్‌ఫర్ అయినాదా? అన్నేళ్లు సేసినాది, ప్రమోషన్ ఇవ్వరేటి? ఇంకా సంపేత్తనే ఉన్నారు!"

కొవ్వొత్తి కనబడితే చాలు, "ఓలమ్మో, మెట్లు సూసుకోవే, పడతావు" అని ఫోన్‌ని కసిరేది. ఆ పిల్ల వింటేగా! పడేది. అత్తగారు దుప్పటి కింద తన తుంటి పట్టుకునేది.

కొన్నాళ్లకు సినిమాలు అయిపోయాయి. నడివయసులోనే ఆమె నటన మానేసింది. "వీఆర్ఎస్ తీసుకున్నాది" అని అత్తగారు నిట్టూర్చింది. నాకూ దిగులేసింది.

వెతగ్గా వెతగ్గా ఇంకొకటి దొరికింది. జుట్టు నెరిశాక మళ్లీ వచ్చి, డెన్మార్క్‌లోనే చేసిన దెయ్యం సినిమా. చేతికర్రతో మెట్ల కింద నిలబడి, పైన చప్పుడు విని, ఎవరక్కడ అంది. బొంగురు గొంతు.

"ఇది దీని సొంత గొంతేటి?"

"అవునత్తా."

ముసలావిడ మెట్లెక్కసాగింది. సగంలో కర్ర జారింది, కూలబడింది. అత్తగారు ఈసారి కసరలేదు, నా చెయ్యి పట్టుకుంది. తెర మీద ఆవిడ కమ్మీ పట్టుకుని లేచి, దెయ్యాన్ని నాలుగు తిట్టి, పైకెళ్లి తలుపు తీసింది. చావలేదు.

ఫోన్ పక్కన పెట్టాను.

"పడినాది గదే," అంది అత్తగారు.

"పడింది అత్తా."

"లెగిసినాది."

"లేచింది."

"దానికి ఫిట్ ఎవులిచ్చినారు?"

ఆవిడే దుప్పటి తోసేసింది. "ఆ వాకర్ ఇలా తే. నువ్వు పట్టుకోకు. మీ మావలాగ ఎనకాల రా."

వెనకాలే వెళ్లాను, చేతులు చాచి. ఆగి ఆగి వంటింటి దాకా వెళ్లింది. గట్టుకు ఆనుకుని, పప్పుగిన్నె మూత తీసి, గరిటెతో చేతిలో చుక్క వేసుకుని నాకింది. ఆవిడ పడ్డ రోజు నుంచి నా వంటకి వంకపెట్టే మనిషి లేకపోయింది.

"ఉప్పు నేదు," అంది.

అక్కడే నిలబడి ఏడ్చేశాను.

"ఏడుపెందుకే? ఉప్పెయ్యి."